పాత కంప్యూటర్లలో మొదట దేనిమీద చెయ్యి పెట్టాలి?

మా అక్క కొడుకు ఇంజినీరింగ్ మూడో ఏడు. సంక్రాంతికి వచ్చినప్పుడు అరిసె కొరుకుతూ అడిగాడు: "మామయ్యా, మీ కోబాల్ కంటే ముందు జనం ఏం రాసేవాళ్ళు? ఆ పాత మెషీన్ల మీద ఇప్పుడు ప్రోగ్రామ్ రాయొచ్చా?" కోబాల్ అంటే ఆఫీసు లెక్కలకు వాడే ప్రోగ్రామింగ్ భాష. నేను అమీర్‌పేటలో మెయిన్‌ఫ్రేమ్ (పెద్ద ఆఫీసుల కంప్యూటర్) కోర్సు చేసి, 2000 సంవత్సరం రాగానే కంప్యూటర్లు తేదీల్లో తికమక పడతాయన్న వై2కే హడావిడిలో ఉద్యోగం తెచ్చుకున్న బ్యాచ్. కాబట్టి ఇలాంటి ప్రశ్న వస్తే నాకు అరిసెలు కూడా గుర్తుండవు.

రాయొచ్చు, అదీ పైసా ఖర్చు లేకుండా. సిమ్‌హెచ్ అని ఉచితంగా దొరికే సాఫ్ట్‌వేర్ ఉంది. పాత యంత్రాలు ఎలా పనిచేసేవో అచ్చంగా అలాగే మన ల్యాప్‌టాప్ మీద నడిపించి చూపిస్తుంది. ఆనాటి మాన్యువల్స్‌ను పేజీ పేజీ స్కాన్ చేసి బిట్‌సేవర్స్ అనే సైట్‌లో పెట్టారు. సరుకుకు లోటు లేదు. చిక్కల్లా ఏది ముందు పట్టుకోవాలన్న దగ్గరే. తప్పుదాన్ని పట్టుకుంటే రెండో ఆదివారానికే విసుగొచ్చి వదిలేస్తారు. నేనూ అలా ఒకసారి వదిలేశాను.

నేను వాడే కొలబద్ద ఒక్కటే. ఆ యంత్రాన్ని తయారుచేసినవాళ్ళు ఎక్కడ పొదుపు చేశారో చూడండి. ఆ రోజుల్లో మెమరీ బంగారం, సర్క్యూట్ వెండి. అందరూ ఎక్కడో ఒకచోట పిసినారితనం చూపించక తప్పలేదు. వాళ్ళు మిగిల్చుకున్న డబ్బంతా ప్రోగ్రామర్ నెత్తిన పనిగా పడింది. ఏ రకం పని మీకు సరదాగా అనిపిస్తుందో ఆ యంత్రమే మీది. స్పీడు, మెమరీ సైజు పక్కపక్కన పెట్టి పోల్చడం ఇక్కడ దండగ. ఈరోజు చేతిలో ఉన్న ఫోన్ ముందు అన్నీ సున్నాలే.

ఒక హెచ్చరిక. "అన్నిటికంటే పాతదానితో మొదలుపెడదాం" అనుకుని చాలామంది యూనివాక్ వైపు వెళతారు. 1951 మార్చి 31న అమెరికా జనాభా లెక్కల శాఖ చేతికొచ్చిన యంత్రం అది. పాదరసం గొట్టాల్లో శబ్ద తరంగాలుగా అంకెల్ని దాచేది. అలాగే ఇంగ్లండ్‌లో లయన్స్ అనే టీ హోటళ్ళ కంపెనీ తన లెక్కల కోసం సొంతంగా లియో అనే కంప్యూటరే కట్టుకుంది. 1951 నవంబర్‌లో అది బేకరీ ఖాతాలు వేయడం మొదలెట్టింది. కథలుగా రెండూ గొప్పవి, రాత్రి పడుకునే ముందు చదువుకోవచ్చు. చేత్తో నేర్చుకోవడానికి మాత్రం వేలల్లో అమ్ముడుపోయి, మాన్యువళ్ళు, ఉదాహరణలు దండిగా ఉన్న యంత్రమే మంచిది. నా లెక్కలో అలాంటివి నాలుగు: ఐబీఎమ్ 650, ఐబీఎమ్ 1401, ఐబీఎమ్ 1620, డెక్ కంపెనీ పీడీపీ-8.

650: తిరిగే డ్రమ్ము మీద రాత

ఐబీఎమ్ దీన్ని 1953 జులైలో ప్రకటించింది. మొదటిది 1954 డిసెంబర్‌లో బోస్టన్‌లోని జాన్ హాన్‌కాక్ బీమా కంపెనీకి వెళ్ళింది. అద్దె నెలకు 3,250 డాలర్ల నుంచి మొదలు. 1962లో తయారీ ఆపేసే నాటికి దాదాపు 2,000 యంత్రాలు బయటికొచ్చాయి. వాక్యూమ్ ట్యూబుల కాలంలో అది చిన్న సంఖ్య కాదు.

వీళ్ళు పొదుపు చేసింది మెమరీలో. నిమిషానికి 12,500 చుట్లు తిరిగే అయస్కాంత డ్రమ్మే దీని మెమరీ. దానిమీద 2,000 పదాలు పడతాయి, ఒక్కో పదంలో 10 అంకెలు, ఒక ప్లస్ లేదా మైనస్. బిట్లు, బైట్లు అంటూ ఏమీ లేదు, మనం బడిలో నేర్చుకున్న దశాంశ అంకెలే. డ్రమ్ము చుట్టూ ఒక వరసలో 50 పదాలు ఉంటాయి. మనకు కావలసిన పదం చదివే తల కిందికి వచ్చేదాకా ఆగాలి. తిరనాళ్ళలో రంగులరాట్నం చూడండి, మన గుర్రం అప్పుడే దాటిపోయిందా, మళ్ళీ చుట్టు తిరిగి వచ్చేదాకా నిలబడాల్సిందే. ఇక్కడ ఒక్క చుట్టుకు 4.8 మిల్లీసెకన్లు.

అందుకని ప్రతి ఆదేశంలోనూ తర్వాతి ఆదేశం ఎక్కడుందో కూడా రాసే ఏర్పాటు పెట్టారు. మొదటి రెండు అంకెలు చేయాల్సిన పని, తర్వాతి నాలుగు డేటా చిరునామా, చివరి నాలుగు తర్వాతి ఆదేశం చిరునామా. ఉదాహరణకి 15 అంటే కూడు, 20 అంటే దాచు. ఆదేశాలు వరసగా ఉండనక్కర్లేదు కాబట్టి, ఈ పని ముగిసే సమయానికి డ్రమ్ము ఎక్కడిదాకా తిరిగి ఉంటుందో లెక్కేసి, సరిగ్గా అక్కడే తర్వాతి ఆదేశాన్ని పెడితే ఎదురుచూపు ఉండదు. ఈ లెక్క చేత్తో వేయలేక తలలు పట్టుకున్నవాళ్ళ కోసం సోప్ అనే అసెంబ్లర్ (ఆదేశాల్ని గుర్తుండే పేర్లతో రాస్తే అంకెల్లోకి మార్చే ప్రోగ్రామ్) వచ్చింది, మంచి చోటు అదే వెతికి పెట్టేది. పేరుకు సబ్బు, పని మాత్రం జాగా సర్దడం.

డొనాల్డ్ కనూత్ అనే పేరు కంప్యూటర్ సైన్స్ చదివినవాళ్ళందరికీ తెలుసు. ఆయన కాలేజీ కుర్రాడిగా రాత్రిళ్ళు కూర్చుని నేర్చుకున్నది 650 మీదే. తర్వాత తన పెద్ద గ్రంథమాలను ఆ యంత్రానికే అంకితమిచ్చాడు. మనుషులకు కాదు, యంత్రానికి!

సుడోకు, చదరంగం పజిళ్ళు ఇష్టమైతే 650 మిమ్మల్ని వదలదు. కానీ ఒక లోటు ఉంది. ల్యాప్‌టాప్ మీద ఆ ఆలస్యం కంటికి ఆనదు. కాగితం మీద చుట్లు లెక్కపెట్టుకుంటేనే మజా. అంత ఓపిక లేనివాళ్ళకు ఇది నేను చెప్పను.

1401: కార్డు లోపలికి, కాగితం బయటికి

నా మనసు దీనిమీదే ఉందని ముందే ఒప్పుకుంటాను. 1959 అక్టోబర్‌లో ప్రకటించారు. ట్రాన్సిస్టర్లతో చేసింది, అద్దె నెలకు 2,500 డాలర్ల నుంచి. మొత్తం మీద 12,000 పైచిలుకు తయారయ్యాయి. 1961లో బొంబాయిలోని ఎస్సో ఆయిల్ కంపెనీ ఆఫీసుకు ఒకటి వచ్చింది. 1960ల చివరికి మన రైల్వే జోన్ల కార్యాలయాల్లోనూ 1401లు చేరాయి. ఇది అంత అమ్ముడుపోవడానికి సగం కారణం దాని పక్కనుండే 1403 ప్రింటర్. నిమిషానికి 600 లైన్లు, లైనుకు 132 అక్షరాలు, అచ్చు స్పష్టంగా. ఆఫీసు మేనేజరుకు లోపల ఏముందో అనవసరం, నెల మొదట్లో జీతాల పట్టీ శుభ్రంగా చేతికొస్తే చాలు.

వీళ్ళ పొదుపు వేరే చోట. అన్నిటికంటే చవక మోడల్‌లో మెమరీ 1,400 అక్షరాలు. ఈ వ్యాసంలో రెండు మూడు పేరాలకే నిండిపోతుంది. అంత ఇరుకులో "ప్రతి సంఖ్యకూ పది గళ్ళు" అని పంచిపెడితే నడవదు. అందుకని పదానికి ఇంత పొడవు అనే నియమమే తీసేశారు. మూడంకెల సంఖ్యకు మూడు గళ్ళు, ఎనిమిదంకెల సంఖ్యకు ఎనిమిది. మరి సంఖ్య ఎక్కడ మొదలైందో యంత్రానికి ఎలా తెలియాలి? ప్రతి గడికీ వర్డ్ మార్క్ అని ఒక అదనపు బిట్ ఇచ్చారు. కూడిక కుడివైపు నుంచి ఎడమవైపుకు నడుస్తూ, ఆ గుర్తు కనబడగానే ఆగుతుంది. ఆదేశాలకు కూడా అదే పద్ధతి. ఒక ఆదేశం ఒక్క అక్షరం ఉండొచ్చు, ఎనిమిది అక్షరాలూ ఉండొచ్చు.

ఆదేశాలు చూస్తే ముద్దొస్తాయి. (కార్డంటే చిల్లుల రూపంలో డేటా పొడిచిన అట్టముక్క.) 1 అంటే కార్డు చదువు. 2 అంటే లైను ప్రింట్ చెయ్యి. 4 అంటే కార్డు పంచ్ చెయ్యి. చదవడం, ప్రింట్ చేయడం రెండూ కావాలంటే 3. మూడూ కావాలంటే 7. అంతే, ఒక్క అంకె. కార్డులోని 80 కాలమ్‌లు మెమరీలో 1 నుంచి 80 వరకు గళ్ళలో పడతాయి. ప్రింట్ అయ్యేది 201 నుంచి 332 వరకు గళ్ళలో ఉన్నది. ఈ సంగతులు తెలిస్తే చాలు, కార్డు చదివి అలాగే ప్రింట్ చేసే ప్రోగ్రామ్ మొదటి సాయంత్రమే రాసేస్తారు: 1వ గడికి గుర్తు పెట్టు, కార్డు చదువు, 80తో ముగిసే భాగాన్ని 280తో ముగిసే చోటికి జరుపు, ప్రింట్ చెయ్యి, మళ్ళీ చదవడానికి వెళ్ళు. ఐదే ఐదు ఆదేశాలు.

ఇప్పుడు నా మొదటి తప్పు చెబుతాను, ఈ యంత్రం స్వభావం అందులో తెలుస్తుంది. కరెంటు బిల్లుల లెక్క ఒకటి ఊహించుకుని రాశాను. కార్డులో 1 నుంచి 10 కాలమ్‌లు ఖాతా నంబర్, 11 నుంచి 16 కాలమ్‌లు బిల్లు మొత్తం. కూడిక చేరే చోటు 8 అంకెలది. మొదటి కార్డులో బిల్లు 001250, అంటే 1,250 రూపాయలు. ప్రింట్‌లో మొత్తం 70,01,250 అని వచ్చింది! గంటన్నర జుట్టు పీక్కున్నాను. 11వ గడికి వర్డ్ మార్క్ పెట్టడం మర్చిపోయాను. కూడిక 16 నుంచి మొదలై 11 దగ్గర ఆగకుండా 10, 9 గళ్ళలోకి పోయింది. ఖాతా నంబర్ చివర ఉన్న 07 వచ్చి బిల్లుకు ఎడమవైపు అతుక్కుంది. ఎర్రర్ మెసేజ్ అంటూ ఏదీ రాదు. యంత్రం దృష్టిలో అది సరైన కూడికే. కరెంటు వాళ్ళ బిల్లు చూసి గుండె ఆగడం అంటే ఏమిటో ఆరోజు తెలిసింది, రాసింది నేనే అయినా.

బ్యాంకు, బీమా, జీతాల సాఫ్ట్‌వేర్‌లో పనిచేసేవాళ్ళకు 1401 పుట్టింటికి వెళ్ళినట్టుంటుంది. మాస్టర్ ఫైలు, ట్రాన్సాక్షన్ ఫైలు, పేజీ పైన హెడ్డింగ్, కింద టోటల్: కోబాల్‌లో మేం చేసినదంతా కార్డుల కాలం నుంచి దిగివచ్చిన పద్ధతే. ఏడాదిని రెండంకెల్లో రాయడం కూడా ఈ ఇరుకులోంచి వచ్చిన అలవాటే. 80 కాలమ్‌ల కార్డులో 19 కోసం రెండు కాలమ్‌లు ఎవడు తగలేస్తాడు? ఆ రెండు కాలమ్‌ల పొదుపు నలభై ఏళ్ళకు వై2కే అయి, నాలాంటి ఎంతమంది తెలుగు కుర్రాళ్ళ పాస్‌పోర్టుల్లో వీసా స్టాంపు వేయించిందో!

దీనికి రోప్ అనే చిన్న సాఫ్ట్‌వేర్ కూడా ఉంది. ఆటోకోడర్ అనే 1401 అసెంబ్లీ భాషలో రాసి, అక్కడే నడిపి చూసుకోవచ్చు. బే ఏరియాలో ఉన్న మనవాళ్ళకైతే ఇంకో అదృష్టం. మౌంటెన్ వ్యూలోని కంప్యూటర్ హిస్టరీ మ్యూజియంలో రెండు అసలు 1401లను బాగుచేసి నడిపిస్తున్నారు. పిల్లల్ని తీసుకుపోయి ఆ ప్రింటర్ మోత ఒకసారి వినిపించండి.

1620: ఎక్కాల పుస్తకం చూసి లెక్క చేసేది

ఇది చిన్న కథ, కానీ మన దేశానికి దగ్గరి కథ. 1401తో పాటే 1959 అక్టోబర్‌లో వచ్చింది, కాలేజీలు, ల్యాబుల కోసం. 1963లో ఐఐటీ కాన్పూర్‌కు వచ్చింది ఇదే. దానిమీద ఫోర్‌ట్రాన్ అనే సైన్సు లెక్కల ప్రోగ్రామింగ్ భాష నేర్చుకున్నవాళ్ళు మన దేశంలో కంప్యూటర్ చదువుకు పునాది వేశారు.

ఇక్కడ పొదుపు విడ్డూరంగా ఉంటుంది. కూడిక చేసే సర్క్యూటే పెట్టలేదు! కూడికల పట్టిక 300 నుంచి 399 వరకు మెమరీ గళ్ళలో, గుణకారం ఎక్కాలు 100 నుంచి 299 వరకు గళ్ళలో రాసి ఉంచాలి. రెండు అంకెల్ని కూడాలంటే యంత్రం ఆ పట్టికలో వెతుక్కుంటుంది. ప్రోగ్రామ్ పొరపాటున ఆ గళ్ళ మీద రాసేసిందా, ఇక కూడికలన్నీ తప్పే. ముందు అనుకున్న ముద్దుపేరు కేడెట్‌లోని ఇంగ్లీషు అక్షరాలకు "కూడలేదు, కనీసం ప్రయత్నించదు" అని జనం వెక్కిరింపు అర్థం తీశారు. మీ ఇంట్లో పదేళ్ళ పిల్లకు కంప్యూటర్ లోపల ఏం జరుగుతుందో చూపించాలంటే ఇదే సరైంది. పట్టికలో 5 ఉండాల్సిన చోట 6 పెట్టి, రెండూ మూడూ ఎంతో అడగండి. అంతకు మించి పెద్దవాళ్ళకు ఇందులో నెలల తరబడి కూర్చునే సరుకు తక్కువ అని నా అభిప్రాయం.

పీడీపీ-8: ఎనిమిది ఆదేశాలు, పన్నెండు స్విచ్‌లు

1965లో డెక్ కంపెనీ దీన్ని 18,000 డాలర్లకు అమ్మకానికి పెట్టింది. అద్దె కాదు, సొంతం. 1401కి ఏడు నెలలు కట్టే అద్దెతో పోలిస్తే కొంచెం ఎక్కువ, అంతే. ల్యాబులు, ఫ్యాక్టరీలు ఎగబడి కొన్నాయి. ఈ కుటుంబంలో తర్వాత వచ్చిన మోడళ్ళతో కలిపి 50,000 దాటాయి.

వీళ్ళ పిసినారితనం బిట్లలో. పదానికి 12 బిట్లు, మొత్తం 4,096 పదాలు. ఆదేశంలో ఏం చేయాలో చెప్పడానికి మూడే బిట్లు ఇచ్చారు, అందుకే ప్రాథమికమైన ఆదేశాలు ఎనిమిదే. తీసివేతకు ఆదేశం లేదు. బిట్లు తిరగేసి, ఒకటి కలిపి, ఆపైన కూడాలి. మెమరీ నుంచి సంఖ్యను తెచ్చుకునే ఆదేశం కూడా లేదు. ముందు రిజిస్టర్ (లెక్క జరిగే చోటు) ఖాళీ చేసి, దానికి కూడాలి. మొదట చిరాకేస్తుంది. రెండు రోజులయ్యాక ఇంతకంటే ఏం కావాలి అనిపిస్తుంది. వంటింట్లో ఒక్క బాణలితోనే అన్నీ వండే అమ్మమ్మలు ఉంటారు చూడండి, అలాగ.

అసలు యంత్రంలో ముందుభాగాన ఒక వరస స్విచ్‌లు, దీపాలు ఉండేవి. ప్రోగ్రామ్‌ను స్విచ్‌లతో ఒక్కో పదమే లోపలికి ఎక్కించేవాళ్ళు. సిమ్‌హెచ్‌లో అదే పని డిపాజిట్ అనే కమాండ్ చేస్తుంది. ఈ అంకెలు ఆక్టల్‌లో (0 నుంచి 7 వరకు ఎనిమిది అంకెలే ఉండే పద్ధతి), 200 నుంచి వరసగా పెట్టి చూడండి: 7300, 1205, 1206, 3207, 7402, తర్వాత 0002, 0003, 0000. మొదటిది రిజిస్టర్ తుడుస్తుంది. రెండోది 205వ గడిలోది కూడుతుంది, మూడోది 206లోది. నాలుగోది ఫలితాన్ని 207లో పెడుతుంది, ఐదోది ఆపుతుంది. 200 నుంచి నడిపి 207 తెరిచి చూస్తే 0005 ఉంటుంది. ఇంత చిన్నగా, ఏ పొరా అడ్డం లేకుండా కంప్యూటర్‌ను చూసే అవకాశం ఇంకెక్కడా నాకు దొరకలేదు.

హైదరాబాద్‌వాళ్ళకు ఇందులో ఇంకో ఆసక్తి. 1967లో మన ఊళ్ళో మొదలైన ఈసీఐఎల్ నుంచి 1969లో వచ్చిన టీడీసీ-12 కూడా 12 బిట్ల యంత్రమే. స్విచ్‌లు చేత్తో నొక్కి చూడాలని ఉంటే పైడీపీ-8 అనే కిట్ దొరుకుతుంది. లోపల రాస్ప్‌బెర్రీ పై అనే బుల్లి కంప్యూటర్, పైన అచ్చం అసలు ప్యానెల్. సోల్డరింగ్ రావాలి. మొదటి నెలలో కొనకండి, ముందు సాఫ్ట్‌వేర్‌లో ఇష్టం పుట్టనివ్వండి.

భాష సంగతి

"అసెంబ్లీ ఎందుకు, నేరుగా ఫోర్‌ట్రాన్ రాస్తాను" అంటారు కొందరు. 1957లో ఐబీఎమ్ 704 కోసం వచ్చిన ఫోర్‌ట్రాన్, 1959లో రూపకల్పన మొదలైన కోబాల్ రెండూ గొప్పవే. కానీ వాటికి పాత యంత్రం అక్కర్లేదు, ఈనాటి ఉచిత కంపైలర్లు (మనం రాసిన భాషను యంత్రం ఆదేశాల్లోకి మార్చేవి) చాలు. భాష పుట్టుకలో యంత్రం ఇరుకు ఎంత ఉందో చూడాలంటే మాత్రం 1401 ఫోర్‌ట్రాన్ కంపైలర్ గురించి తప్పక చదవండి. 8,000 అక్షరాల మెమరీలో కంపైలర్ పట్టదు కదా, అందుకని తిరగేశారు. మన ప్రోగ్రామ్ మెమరీలో కదలకుండా కూర్చుంటుంది, కంపైలరే 63 ముక్కలుగా ఒకదాని వెనక ఒకటి వచ్చి తలా కాస్త పని చేసి పోతుంది. పెళ్ళికూతురు పీట మీదే ఉంటే ముత్తయిదువలు వరసగా వచ్చి నలుగు పెట్టి వెళ్ళినట్టు.

మరి ఎవరు ఏది?

ఆఫీసు లెక్కల సాఫ్ట్‌వేర్ మీ వృత్తి అయితే 1401. హార్డ్‌వేర్, మైక్రోకంట్రోలర్లు, ఆర్డ్యూయినో లాంటివి అలవాటైతే పీడీపీ-8. పజిల్ పిచ్చి ఉంటే 650, రెండో యంత్రంగా. ఇంట్లో పిల్లలుంటే 1620, ఒక్క ఆదివారానికి. రెండు యంత్రాలు ఒకేసారి మొదలుపెట్టకండి. ఒకదాంట్లో అంకెలు దశాంశం, ఇంకోదాంట్లో ఆక్టల్, తల తిరుగుతుంది. మాన్యువల్ కూడా మొదటి పేజీ నుంచి చదవకండి. ఆదేశాల పట్టిక ఉన్న పేజీలు ప్రింట్ తీసి గోడకు అంటించుకుంటే సగం పని అయినట్టే.

ఏమీ తెలియకుండా, ఒక్కటే చెప్పమని అడిగితే పీడీపీ-8 అంటాను. నాకిష్టమైంది 1401 అయినా సరే. ఫలితం పది నిమిషాల్లో కనబడుతుంది, ఆ మొదటి పది నిమిషాలే ముఖ్యం.

మావాడికీ అదే చెప్పాను. కనుమ రోజు సాయంత్రం 0005 చూసి డాబా మీదికి పరిగెత్తుకొచ్చాడు. కాసేపాగి మళ్ళీ వచ్చి, "మామయ్యా, 205లో 8 పెడుతుంటే ఎర్రర్ వస్తోంది, సాఫ్ట్‌వేర్ చెడిపోయిందా?" అన్నాడు. ఆక్టల్‌లో 7 తర్వాత ఏమొస్తుందో వేళ్ళ మీద లెక్కపెట్టుకోమన్నాను.